హనుమాజీపేట నుంచి గులేబకావళి తోటకు

1962 జనవరి 5న ‘గులేబకావళి కథ’ విడుదలైంది. ఎన్టీ రామారావు హీరో, దర్శకుడు కూడా ఆయనే. జమున, నాగరత్న కథానాయికలు. సొంత సంస్థ నేషనల్ ఆర్ట్ థియేటర్ తీసిన సినిమా, నిర్మాత తమ్ముడు త్రివిక్రమరావు. ఇవన్నీ అప్పటి ప్రేక్షకులకు తెలిసిన పేర్లే. పాటల దగ్గర మాత్రం తెరకు కొత్తదైన పేరు ఒకటి కనిపించింది: సి. నారాయణరెడ్డి, అంటే సినారె. పది పాటలున్నాయి, పదీ ఆయనవే. అంతకుముందు ఆయన రాసిన పాట ఒక్కటి కూడా సినిమాలోకి ఎక్కలేదు.

ఆయనది అప్పటి కరీంనగర్ జిల్లా సిరిసిల్ల తాలూకా హనుమాజీపేట. వేములవాడ రాజన్న గుడికి దగ్గరి ఊరు. ఈ ధారావాహికలో కురిక్యాల బొమ్మలగుట్ట శాసనం గురించి రాసినప్పుడు, పదో శతాబ్దంలో జినవల్లభుడు ఒకే రాతి మీద సంస్కృతం, కన్నడం, తెలుగు చెక్కించిన సంగతి చెప్పుకున్నాం. అందులో మూడు తెలుగు కంద పద్యాలున్నాయి. తన అన్న పంపకవికి ఆశ్రయమిచ్చిన వేములవాడ చాళుక్యుల నేల మీద జినవల్లభుడు చేసిన పని అది. ఒక భాషలో చదువుకుంటూ, ఇంకో భాషలో పాడుకుంటూ, మూడో భాషతో వ్యవహారం నడుపుకోవడం ఈ నేలకు వెయ్యేళ్ల అలవాటు. గులేబకావళి పది పాటలను కూడా ఆ వరసలోనే చూడాలి.

నారాయణరెడ్డి పుట్టింది 1931 జులై 29న. అప్పుడది నిజాం రాజ్యం. కచేరి భాష ఉర్దూ, బడి భాష ఉర్దూ. ఊళ్లో కానిగి బడి అయ్యాక సిరిసిల్లలో, ఆ తర్వాత కరీంనగర్‌లో ఆయన ఉర్దూ మాధ్యమంలోనే చదివారు. తెలుగు ఐచ్ఛికంగా తీసుకునే ఒక సబ్జెక్టు మాత్రమే. హైదరాబాద్ చాదర్‌ఘాట్ కాలేజీలో ఇంటర్మీడియట్, ఉస్మానియాలో బీఏ కూడా ఉర్దూలోనే జరిగాయి. లెక్కలు, చరిత్ర, లోకజ్ఞానం అన్నీ ఆ లిపిలోనే ఆయనకు పరిచయం. తెలుగు కవుల పుస్తకాల కోసం సుల్తాన్ బజార్‌లోని శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయం మెట్లెక్కారు. 1901లో పెట్టిన ఆ గ్రంథాలయం తెలంగాణలో ఎంతమంది రచయితలకు రెండో బడి అయిందో లెక్కగట్టడం కష్టం.

బడి ఉర్దూదైనా చెవి ఊరిది. హరికథలు, జంగం కథలు, ఒగ్గు కథలు వింటూ పెరిగిన పిల్లవాడు ఆయన. ఒగ్గు కథలో ప్రధాన కథకుడు కథ ఎత్తుకుంటాడు, వంతలు అందుకుంటారు, డోలు నడకను మారుస్తుంది. వచనం ఎక్కడ ఆగి పాట ఎక్కడ మొదలైందో తెలియనంతగా ఒకటి ఇంకొకదాంట్లోకి ఒరుగుతుంది. తర్వాతి కాలంలో ఒగ్గు కథను దేశమంతటా వినిపించిన మిద్దె రాములు కూడా హనుమాజీపేట మనిషే. ఒకే ఊరు ఒక జ్ఞానపీఠ కవినీ ఒక గొప్ప ఒగ్గు కళాకారుణ్నీ కన్నదంటే, ఆ ఊరి రాత్రుళ్లు ఎలాంటి కథలతో తెల్లారేవో ఊహించుకోవచ్చు.

ఇక్కడ బతుకమ్మ పాట సంగతి కూడా చెప్పాలి. కరీంనగర్ పల్లెల్లో ఆడవాళ్లు బతుకమ్మ చుట్టూ తిరుగుతూ పాడేటప్పుడు ప్రతి పాదం చివరా ఉయ్యాలో అనో చందమామ అనో ఒకే మాట వచ్చి పడుతుంది. పాదం ఎంత దూరం పోయినా ఆ మాట దగ్గరికే తిరిగి రావాలి. ఉర్దూ గజల్‌లో రదీఫ్ చేసే పని కూడా ఇంచుమించు ఇదే. షేర్ (రెండు పాదాల పద్యం) ఎక్కడెక్కడో తిరిగి, చివరికి ముందే తెలిసిన మాట మీద వాలుతుంది. వినేవాడు ఆ మాట కోసం కాచుకుని ఉంటాడు, రాగానే వాహ్ అంటాడు. బతుకమ్మ పాటల ఊళ్లో పుట్టి, గజళ్ల భాషలో చదువుకున్న కుర్రవాడికి ఈ రెండూ వేర్వేరు లోకాలుగా తోచి ఉంటాయని నేననుకోను. ఆయన పాట పాదం చివర మాటను తూకం వేసి వదలడంలో ఈ రెండు పెంపకాలూ కనిపిస్తాయి.

సినిమాకు రాకముందే సినారె తెలుగు సభల్లో పెద్ద ఆకర్షణ. తొలి పుస్తకం ‘నవ్వని పువ్వు’ 1953లో వచ్చింది. అది సంగీత నృత్య నాటిక, అంటే మొదటి అడుగే పాట వైపు పడింది. 1955లో ‘నాగార్జునసాగరం’, 1957లో ‘కర్పూర వసంతరాయలు’ వచ్చాయి. రెండూ గేయకావ్యాలు. రెండోది కొండవీటి రాజు కుమారగిరిరెడ్డి, నర్తకి లకుమాదేవి కథ. ఈ కావ్యాలను జనం చదివిన దానికంటే విన్నది ఎక్కువ. ఆయన వేదిక మీద నిలబడి రాగంతో వినిపించేవారు. మాత్రాఛందస్సు ఆయన చేతిలో నడక నేర్చిన గుర్రం. మూడు మాత్రల త్రిశ్రగతిలో పరుగెత్తించి, అయిదు మాత్రల ఖండగతిలో ఎగిరించి, మూడూ నాలుగూ కలిసిన మిశ్రగతిలో వయ్యారంగా నడిపించేవారు. 1960లో ‘రామప్ప’ సంగీత రూపకం వచ్చింది. కాగితం, వేదిక, రేడియో అన్నీ అయ్యాయి. ఇంత పేరొచ్చిన కవి తర్వాత ఏం చేస్తాడన్నదే మిగిలిన ప్రశ్న.

గెలిచిన కళాకారుడికి తర్వాతి పని ఎప్పుడూ గండమే. మొదటిసారి జనం ఏమీ అడగరు, ఇచ్చింది తీసుకుంటారు. రెండోసారి అడగడం మొదలుపెడతారు. పాత పనినే మళ్లీ చేస్తే చాలన్నది అందులో తేలిక దారి. సినారె ఇంకో గేయకావ్యం రాసి సభల్లో వినిపించి ఉంటే ఎవరూ కాదనేవారు కాదు. ఆయన చూపు మాత్రం గ్రామఫోన్ పళ్లెం మీద, వెండితెర మీద పడింది. అక్కడ కూడా సగం పని వద్దనుకున్నారు. ఒకటి రెండు పాటలకు పిలుపులు వచ్చినా ఒప్పుకోలేదని, రాస్తే మొత్తం సినిమా రాస్తానని పట్టుబట్టానని తర్వాత ఎన్నో సందర్భాల్లో ఆయనే చెప్పుకున్నారు.

ఆ రోజుల్లో అది చిన్న కోరిక కాదు. ఒక సినిమాలో పాటలను నలుగురైదుగురికి పంచడం మద్రాసులో మామూలు. యుగళగీతం ఒకరికి, హాస్యగీతం ఇంకొకరికి, పద్యాలు మరొకరికి. కొత్తవాడు వస్తే ఒక పాట చేతిలో పెట్టి చూస్తారు. పైగా వచ్చేవాడు తెలంగాణవాడు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడి అప్పటికి ఐదేళ్లు. ఉర్దూ బళ్లో చదివినవాళ్ల తెలుగు మీద కోస్తా పండితులకు అనుమానాలున్న కాలం. దాశరథి కృష్ణమాచార్య అప్పుడప్పుడే ఆ తలుపు తీశారు. 1961లోనే ‘వాగ్దానం’, ‘ఇద్దరు మిత్రులు’ సినిమాల్లో ఆయన పాటలు వచ్చాయి, అదే ఏడాది గాలిబ్ తెలుగులోకి వచ్చిన ‘గాలిబ్ గీతాలు’ కూడా వెలువడింది. ఏడాది తిరక్కుండానే వరంగల్ వైపు నుంచి ఒకరు, కరీంనగర్ నుంచి ఒకరు, ఇద్దరూ ఉర్దూ తెలిసినవాళ్లే, తెలుగు సినిమా పాటలోకి అడుగుపెట్టారు. తెలుగు పాట చరిత్ర రాసేవాళ్లు దీన్ని ఒక వాక్యంలో దాటేస్తుంటారు. నా దృష్టిలో ఇది ఒక అధ్యాయానికి సరిపడే సంగతి.

సినారె పట్టిన ఆ పట్టును ఒప్పుకున్నది రామారావు. ఆయనకూ ఇది తర్వాతి అడుగే. అంతకు ఏడాది ముందు, 1961 జనవరిలో ‘సీతారామ కల్యాణం’తో దర్శకుడయ్యారు. తెర మీద దర్శకుడిగా పేరు వేసుకోకుండానే, రావణుడి వేషం కట్టి, పౌరాణికాన్ని గెలిపించారు. ఆ సినిమాకు పాటలు సముద్రాల రాఘవాచార్యవి, సంగీతం గాలి పెంచల నరసింహారావుది. ఇద్దరూ తలపండినవాళ్లు. నేషనల్ ఆర్ట్ థియేటర్‌కు అంతకుముందు ‘జయసింహ’, ‘పాండురంగ మహత్యం’ లాంటి సినిమాల్లో టీవీ రాజు సంగీతం ఆనవాయితీ. రెండో దర్శకత్వానికి వచ్చేసరికి రామారావు ఈ ఏర్పాటును పక్కనబెట్టారు. సంగీతం జోసెఫ్, విజయా కృష్ణమూర్తి జంటకు, పాటలన్నీ సినిమాకు కొత్తవాడైన ఒక అధ్యాపకుడికి. గెలిచిన మనిషి, గెలిపించిన జట్టును కాదని కొత్త చేతులను నమ్మడం అరుదు. ఆ ధైర్యానికి రామారావుకు దక్కాల్సిన మెప్పు ఇంకా పూర్తిగా దక్కలేదనిపిస్తుంది.

కథ ఎంపిక కూడా సినారె కోసమే జరిగిందా అన్నట్టు కుదిరింది. గులేబకావళి కథ మొదట ఇజ్జతుల్లా బంగాలీ పారశీకంలో రాసింది. కలకత్తా ఫోర్ట్ విలియం కాలేజీ కోసం నిహాల్‌చంద్ లాహోరీ దాన్ని 1803లో ‘మజ్హబ్-ఎ-ఇష్క్’ పేరుతో ఉర్దూ వచనంలోకి తెచ్చారు. లక్నో కవి దయాశంకర్ నసీమ్ 1838లో ‘గుల్జార్-ఎ-నసీమ్’ అనే మస్నవీగా (పద్యకథగా) రాశాక ఆ కథ ఉర్దూ చదివినవాళ్లందరిదీ అయింది. కొడుకును చూడగానే రాజు చూపు పోవడం, బకావళి తోటలోని పువ్వు తెస్తే తప్ప చూపు రాదనడం, పాచికలాటలో అన్నలను ఓడించి బానిసలను చేసుకున్న గడుసు సుందరి, ఆమెను గెలిచిన చిన్నకొడుకు, పువ్వు కొట్టేసిన అన్నల ద్రోహం. తెలుగునాట ఇది అరుగుల మీదా నాటకాల్లోనూ ఏనాడో సొంతమైపోయింది. తమిళంలో ఎంజీఆర్ హీరోగా 1955లోనే సినిమా వచ్చింది. ఉర్దూ బడిలో చదివి, అరుగు మీద కథలు విన్న కవికి దీన్ని తెలుగు చేయడానికి వేరే అనువాదకుడి అవసరం ఏముంటుంది? కథ వాసన కూడా ఆయనకు తెలుసు, కథ విన్న జనం నాడి కూడా తెలుసు.

పది పాటల పట్టు ఎందుకో ఇప్పుడు తెలుస్తుంది. ఆత్మగౌరవం ఉంది, సందేహం లేదు. దానికి మించి ఇది కావ్యం రాసినవాడి లెక్క. లకుమాదేవి కథను ఆద్యంతం ఒక్క గొంతులో చెప్పినవాడు, ఒక కథలో ఒకే ఒక్క పాట రాసి పక్కకు తప్పుకోలేడు. నాయిక మొదటి పాటలో ఎలా మాట్లాడిందో ఐదో పాటలో అలాగే మాట్లాడాలి. శృంగారం, భక్తి, ఒంటరితనం, హాస్యం, నృత్యం ఏది వచ్చినా వెనక ఒకే మనసు వినిపించాలి. అమెరికాలో 1948లోనే ఎల్పీ రికార్డు వచ్చి, ఒక వైపు ఇరవై నిమిషాలకు పైగా సంగీతం పట్టడంతో, అక్కడి సంగీతకారులు పాటలను ఒక గుత్తిగా ఆలోచించడం మొదలుపెట్టారు. మన దగ్గర 1962లో ఇంకా రాజ్యం నిమిషానికి 78 సార్లు తిరిగే లక్క పళ్లెంది. ఒక వైపు మూడు నిమిషాల చిల్లర, ఆపైన సూది గాడి తప్పాల్సిందే. పది పాటలంటే ఐదు పళ్లేలకు రెండు వైపులా సరిపోయే సరుకు. విడివిడిగా అమ్ముడయ్యే ఆ పాటలను ఒక్క కావ్యంలా కూర్చాలనుకోవడమే సినారె ఆశలోని పెద్దతనం.

ఆ మూడు నిమిషాల కొలత కవికి చాలా కఠినమైంది. సభలో గేయకావ్యం వినిపించే కవి చప్పట్లను బట్టి ఒక పాదాన్ని మళ్లీ చదవొచ్చు, రాగం సాగదీయొచ్చు. పళ్లెం మీద ఆ వెసులుబాటు లేదు. ముందు వాద్యం, పల్లవి, చరణం, మళ్లీ పల్లవి, మధ్యలో వేణువో వీణో పలకడానికి చోటు. మిగిలిన జాగాలోనే కవి చెప్పాల్సింది చెప్పాలి. అప్పటి రికార్డింగు కూడా ఇప్పటిలా ముక్కలు అతికించేది కాదు. గాయకులు, వాద్యకారులు ఒకే గదిలో ఒకేసారి పాడి వాయించాలి. ఎక్కడ తడబడినా మొదటికి రావాలి. పలకడానికి అడ్డంపడే మాట ఒక్కటున్నా అందరి శ్రమా వృథా. ఒత్తులు, సమాసాలు దట్టించిన పద్యభాష అక్కడ పనికిరాదు. నోటికి జారే అచ్చ తెలుగు మాట కావాలి. సభల్లో పాడి పాడి ఏ మాట గొంతుకు తగులుతుందో, ఏది జారిపోతుందో తెలుసుకున్న కవి కాబట్టి సినారెకు ఇది కొత్త విద్య కాలేదు.

ఘంటసాల, పి. సుశీల పాడిన ‘నన్ను దోచుకొందువటే’ను ఒకసారి ఈ చెవితో వినండి. అరవై ఏళ్లు దాటినా తెలుగువాళ్లు పెళ్లిళ్లలో, పోటీల్లో పాడుతూనే ఉన్నారు. అతను ప్రశ్న వేస్తాడు, ఆమె జవాబు చెబుతుంది. దోచుకోవడం అతని మాటైతే, దాచుకోవడం ఆమె మాట. రెండు క్రియలూ ఒకే తూకం, ఒకే అంత్యం, అర్థాలు మాత్రం ఎదురెదురు. పల్లవిలో కథంతా అయిపోతుంది, చరణాలు ఆ సంతోషాన్ని సాగదీయడానికే. ఉర్దూ ముషాయిరా అలవాటున్నవాడికి ఇందులో షేర్ కట్టుబడి కనిపిస్తుంది: మొదటి పాదంలో మాట ఎత్తి, రెండో పాదంలో దాన్ని తిప్పి వదలడం. పల్లెపాటలు తెలిసినవాడికి మగవాళ్లూ ఆడవాళ్లూ ఎదురుబొదురుగా పాడుకునే వాదుపాట గుర్తొస్తుంది. అయితే పాటలో ఉర్దూ ముక్క వెతికినా దొరకదు, అంతా తేట తెలుగే. ఉర్దూ చదువు ఆయనకు పదాలు అప్పివ్వలేదు, పాదం ఎలా మలుపు తిప్పాలో చెప్పిందని నేనంటాను. అదే జంట పాడిన ‘కలల అలలపై’ దీనికి భిన్నం. అక్కడ మాటలు ఒకదాని మీద ఒకటి తేలుతూ వస్తాయి, ‘ల’కారం నీటి చప్పుడులా సాగుతుంది. రెండూ ప్రేమగీతాలే, రెండింటి నడకా వేరు. ఇద్దరు కవులు రాసినా ఇంత తేడా రాకపోవచ్చు. ఒకే కవి రాశాడు కనక, ఒకదాన్ని ఇంకొకదానికి ఎదురుగా నిలబెట్టి రాయగలిగాడు.

పాటలు గెలిచాయి. పళ్లేలు, టూరింగ్ టాకీసులు, రేడియోలు వాటిని ఊరూరా మోశాయి. రేడియో సిలోన్‌లో మీనాక్షి పొన్నుదురై వినిపించే తెలుగు పాటల కోసం జనం కాచుకు కూర్చున్న కాలమది. మానేరు ఒడ్డున వినిపించినా, గోదావరి దాటి మంచిర్యాల, నిర్మల్ వైపు వినిపించినా, పాట రాసినవాడు సిరిసిల్ల దిక్కువాడన్న సంగతి ఉత్తర తెలంగాణకు కొత్త ధైర్యం. మన భాష సినిమాకు పనికిరాదన్న మాటకు ఈ పది పాటలు ఇచ్చిన జవాబు ఏ వ్యాసమూ ఇవ్వలేకపోయేది.

విచిత్రం ఏమిటంటే, అదే 1962లో ఆయన డాక్టరేట్ కూడా పుచ్చుకున్నారు. ఆధునికాంధ్ర కవిత్వంలో సంప్రదాయాలు, ప్రయోగాల మీద ఉస్మానియాకు సమర్పించిన ఆ సిద్ధాంత వ్యాసం ఇవాళ్టికీ తెలుగు ఎంఏ విద్యార్థుల చేతుల్లో ఉంటుంది. సినిమా పాట రాస్తే కవి పలచనైపోతాడని బెంగపడినవాళ్లకు ఆయన వేరే సమాధానం చెప్పనక్కర్లేకపోయింది. మద్రాసు వెళ్లి స్థిరపడలేదు, హైదరాబాద్‌లో పాఠం చెప్పడం మానలేదు. 1973లో ‘మంటలూ మానవుడూ’కు సాహిత్య అకాడమీ బహుమతి, 1988లో ‘విశ్వంభర’కు జ్ఞానపీఠం వచ్చాయి. ఆ పక్కనే మూడు వేలకు పైగా సినిమా పాటలు సాగాయి. వాటన్నిటి జాబితా ఈ వ్యాసానికి అక్కర్లేదు.

ఒక్క ముచ్చట మాత్రం చెప్పాలి. రామారావు, సినారె మళ్లీ ఉర్దూ వాసన ఉన్న కథ దగ్గర కలుసుకున్నారు. 1970ల చివర రామారావు దర్శకత్వం వహించిన ‘అక్బర్ సలీం అనార్కలి’కి పాటలే కాదు, మాటలు కూడా సినారెవే. అక్బర్ రామారావు, సలీం బాలకృష్ణ. సంగీతానికి సి. రామచంద్రను బొంబాయి నుంచి పిలిపించారు. 1953 హిందీ ‘అనార్కలి’కి పాటలు కట్టింది ఆయనే. సలీం గొంతు మహమ్మద్ రఫీది. గాలిబ్‌నూ సాహిర్‌నూ పాడిన గొంతు సినారె తెలుగును పాడింది. 1969లో ‘భలే తమ్ముడు’లో రామారావుకు పాడినప్పుడే రఫీకి ఆ తెలుగుతో పరిచయమైంది. రఫీ ఉచ్చారణలో తెలుగు కాస్త తడబడ్డ చోట్లున్నాయని కొందరంటారు. నాకు అక్కడ వినిపించేది వేరు. కరీంనగర్ ఉర్దూ బళ్లో కూర్చున్న ఒక పిల్లవాడు ఆ భాష నుంచి తీసుకున్నదాన్ని తెలుగు చేసి, ఆ భాష గాయకుడి చేతిలోనే పెట్టాడు. తర్వాత సినారె తెలుగులో గజళ్లు రాసి, స్వయంగా వేదికల మీద పాడి, ఆ ప్రక్రియను తెలుగువాళ్లకు దగ్గర చేశారు. 2017 జూన్ 12న కన్నుమూసేదాకా పాదం చివర మాటను తూకం వేసే అలవాటు పోలేదు.

మద్రాసు రికార్డింగ్ గదిలోకి వెళ్లి గెలిచిన పాట ఇది. ఇరవై ఏళ్లు గడవకముందే ఉత్తర తెలంగాణలో ఇంకో రకం పాట లేచింది. దానికి స్టూడియో అక్కర్లేదు, ఎల్పీ అక్కర్లేదు, దర్శకుడి పిలుపు అక్కర్లేదు. ఒక డప్పు, ఒక గొంగడి, ఊరి మధ్య గద్దె చాలు. చేతికందే క్యాసెట్ వచ్చాక అది ఇల్లిల్లూ తిరిగింది. ఆ పాట రాసినవాళ్లలో ఒకరు గోదావరికి అవతల, అప్పటి ఆదిలాబాద్ జిల్లా దండేపల్లి దగ్గరి లింగాపూర్‌లో 1955లో పుట్టారు. వచ్చే భాగంలో గూడ అంజయ్య, ఆయన ‘ఊరు మనదిరా’.